పంట వచ్చాక వచ్చే ఓడ

మనం తినే వంటనూనెలో సగానికి పైగా బయటి దేశాల నుంచే వస్తుంది. కందిపప్పు మయన్మార్ నుంచీ, మొజాంబిక్ నుంచీ వస్తుంది. కూరగాయల సంగతి అలా కాదు. పండించడంలో ప్రపంచంలో చైనా తర్వాత స్థానం మనది. ఉల్లిలో అయితే మనం కొనేవాళ్ళం కాదు, అమ్మేవాళ్ళం. మామూలు సంవత్సరంలో తాజా కూరగాయల దిగుమతి అంటే కాస్త అఫ్గాన్ ఉల్లి, భూటాన్ బంగాళాదుంప వంటివే. దేశం మొత్తం వాడకంలో అది లెక్కకు రానంత తక్కువ.

అయినా కొన్నేళ్ళకోసారి ఢిల్లీ నుంచి ఒక ప్రకటన వెలువడుతుంది: ధరలు దించడానికి విదేశాల నుంచి తెప్పిస్తున్నాం, ఎవరూ కంగారు పడొద్దని. 1998లో, 2010లో, 2013లో, 2015లో, 2019లో, 2020లో ఉల్లి కోసం ఈ మాట విన్నాం. 2023లో టమోటా కోసం విన్నాం. ఈ సందర్భాలన్నీ పక్కపక్కన పెట్టి చూస్తే నాకు కనిపించేది ఒక్కటే. దిగుమతి సరుకు ధరను దించలేదు. ధరను దించింది మన పొలాల్లోంచి వచ్చిన కొత్త పంట. ఓడ రేవుకు చేరేసరికి ఆ పంటా యార్డుకు చేరింది. రెండూ కలిసి ఎవరి మీద పడ్డాయంటే, అప్పుడే గడ్డ పీకిన రైతు మీద పడ్డాయి.

ఇలా ఎందుకు జరుగుతుందో తెలియాలంటే ఉల్లి సంవత్సరం ఎలా తిరుగుతుందో చూడాలి. దేశంలో పండే ఉల్లిలో దాదాపు డెబ్బై శాతం రబీ పంట. మార్చి నుంచి మే దాకా చేతికొస్తుంది. మెడ బాగా ఆరి, పొరలు బిగిసి, నాలుగైదు నెలలు నిల్వ ఉంటుంది. నాసిక్ వైపు రైతులు గాలి ఆడే షెడ్లలో దాన్ని పోసుకుని సెప్టెంబరు, అక్టోబరు దాకా కొంచెం కొంచెంగా అమ్ముతారు. ఈ నిల్వలో పాతిక నుంచి నలభై శాతం దాకా ఎండిపోవడం, మొలకెత్తడం, కుళ్ళిపోవడంతోనే పోతుంది. ఆ నిల్వ అడుగంటే వేళకు ఖరీఫ్ ఉల్లి రావాలి. మొదట మన కర్నూలు, కర్ణాటక, తర్వాత మహారాష్ట్ర. ఆ మధ్యలో ఉన్న సెప్టెంబరు, అక్టోబరు, నవంబరు నెలలే గండం. ఆ నెలల్లో వానలు ముంచెత్తినా, లేక అంతకుముందు రబీ విస్తీర్ణం తగ్గినా, ధర కొండెక్కుతుంది. డిసెంబరు చివరికి, జనవరికి ఆలస్యపు ఖరీఫ్ పంట దిగడం మొదలవుతుంది. ధర దానంతట అదే జారుతుంది.

ప్రభుత్వానికి కంగారు పుట్టేది అక్టోబరులో. టెండరు పిలిచి, బేరం కుదిరి, ఈజిప్టు రేవులో సరుకు ఎక్కించి, ఎర్ర సముద్రం దాటించి, ముంబయి దగ్గరి న్హావా షేవా రేవులో దించి, పురుగు లేకుండా పొగబెట్టి, లారీలకెక్కించేసరికి ఏ నెల అవుతుందో చెప్పక్కర్లేదు.

ఉల్లి ధరకు రాజకీయంలో ఇంత బరువు రావడం 1980 నుంచి మొదలైంది. ఆ ఎన్నికల్లో ఇందిరాగాంధీ ఉల్లి ధరను ప్రచారంలోకి తెచ్చారు. 1998లో ఢిల్లీలో కిలో యాభై రూపాయల దాకా పోయింది. ఆ నవంబరులో సుష్మాస్వరాజ్ ముఖ్యమంత్రిగా ఉన్న ఢిల్లీ ప్రభుత్వం ఓడిపోయింది. అప్పటి నుంచి ఏ పార్టీ కేంద్రంలో ఉన్నా ఉల్లి పేరు చెబితే ఉలిక్కిపడుతుంది. రెండు నెలల తర్వాత, 1999 జనవరి 26న, ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లో రైతుబజార్లు మొదలయ్యాయి. నా లెక్కలో కూరగాయల ధరల మీద మన పాలకులు వేసిన అడుగుల్లో నిలిచినది అదే. అది ఏ ఓడతోనూ సంబంధం లేనిది.

2010 డిసెంబరులో ధర ఎనభైకి చేరగానే ఎగుమతులు ఆపి, దిగుమతి సుంకం తీసేశారు. వాఘా మీదుగా పాకిస్తాన్ ఉల్లి లారీల్లో వచ్చింది. రోడ్డు మార్గం కాబట్టి సరుకు తొందరగానే చేరింది. కానీ అక్కడా ధర పెరగడంతో జనవరి మొదట్లోనే పాకిస్తాన్ ఆ దారి మూసేసింది. ఎవరి ఇంట్లో ఉల్లి వాళ్ళకు ముందు కదా. 2013, 2015ల్లోనూ ఇంచుమించు ఇదే తంతు. ఆ రెండేళ్ళ గురించి ఇంతకంటే చెప్పుకోవలసింది లేదు.

2019 గురించి మాత్రం తీరిగ్గా చెప్పుకోవాలి. దిగుమతి అనే ఉపాయాన్ని పూర్తి స్థాయిలో ప్రయత్నించింది ఆ ఏడే.

దాని మొదలు 2018 చివర్లో ఉంది. నాసిక్ జిల్లా నిఫాడ్ తాలూకా రైతు ఒకాయన ఆ నవంబరులో 750 కిలోల ఉల్లి అమ్మితే చేతికొచ్చింది 1,064 రూపాయలు. కిలోకు రూపాయిన్నర కూడా పడలేదు. ఆయన ఆ మొత్తాన్ని మనియార్డరు చేసి ప్రధానమంత్రికి పంపారు. పేపర్లన్నీ రాశాయి. అలాంటి ధర చూసిన రైతులు తర్వాతి పంటకు ఉల్లి తగ్గించుకున్నారు. పైగా ఆ వేసవి మహారాష్ట్రలో కరువు. ఆ తర్వాత మహారాష్ట్ర, కర్ణాటకల్లో వరదలు, పంట పీకే వేళకు అక్టోబరు, నవంబరు వానలు. ఇవన్నీ ఒకదాని మీద ఒకటి పడ్డాయి. సెప్టెంబరు 13న టన్నుకు 850 డాలర్ల కనీస ఎగుమతి ధర పెట్టారు. 29న ఎగుమతి పూర్తిగా ఆపేశారు. వ్యాపారుల నిల్వలకు పరిమితి పెట్టారు. అయినా ధర ఆగలేదు. నవంబరు 20న కేంద్ర మంత్రివర్గం లక్షా 20 వేల టన్నుల దిగుమతికి ఒప్పుకుంది. పని ప్రభుత్వ వాణిజ్య సంస్థ ఎంఎంటీసీకి అప్పగించారు.

డిసెంబరు మొదటికి కర్నూలు యార్డులో క్వింటాలు పది వేలు దాటింది. పట్టణాల్లో కిలో నూట యాభై. ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం రైతుబజార్లలో కిలో 25 రూపాయలకు అమ్మించింది. ఆధార్ కార్డు పట్టుకుని తెల్లవారకముందే క్యూలో నిలబడ్డవాళ్ళలో ముసలివాళ్ళూ ఉన్నారు. మనిషికి ఒక్క కిలో. ఆ క్యూలు తల్చుకుంటే ఈ సమస్యను లెక్కలతో మాత్రమే చూడలేం.

ఈజిప్టు, టర్కీ ఉల్లి డిసెంబరులో రావడం మొదలైంది. గడ్డలు పెద్దవి, పావుకిలోకు పైబడి తూగేవి కూడా ఉన్నాయి. రంగు కొన్ని పసుపు, కొన్ని ముదురెరుపు. ఘాటు లేదు. మన వంటకు కావలసింది కోస్తే కళ్ళు మండే గడ్డ, నూనెలో వేస్తే ఇంటి బయటికి వాసన కొట్టే గడ్డ. నలుగురున్న ఇంట్లో ఒక పూట పోపుకు ఈ గడ్డ సగం కోస్తే మిగతా సగం గిన్నెలో ఉండిపోయేది. చిల్లర కొట్టువాడు తూకం వేసేటప్పుడు కిలోకు నాలుగు గడ్డలొస్తే, పది పదిహేను చూసుకోవడానికి అలవాటు పడ్డ ఇల్లాలు వెనక్కి పెట్టేసేది. కేంద్రం రాష్ట్రాలకు కిలో సుమారు 55 రూపాయల చొప్పున ఇస్తానంది. మొదట కావాలని ఇండెంట్లు పెట్టిన రాష్ట్రాలు కూడా వెనక్కి తగ్గాయి. తీసుకున్న కొద్దిమందిలో ఆంధ్రప్రదేశ్, తెలంగాణ ఉన్నాయి. జనవరి మధ్యలో అప్పటి మంత్రి రామ్ విలాస్ పాశ్వాన్ చెప్పిన లెక్క ప్రకారం ఒప్పందం కుదిరింది 36 వేల టన్నులకు, రేవుకు చేరింది 18,500 టన్నులు, రాష్ట్రాలు ఎత్తుకున్నది 2,000 టన్నులు. మిగతాది రేవులో కుళ్ళుతుంటే చివరికి కొన్న ధరలో సగానికీ అంతకు తక్కువకూ వదిలించుకున్నారు.

ఇక్కడ ఒక చిన్న లెక్క వేసి చూడాలి. దేశంలో రోజుకు వాడే ఉల్లి ఇంచుమించు 50 వేల టన్నులు. అంటే ఒప్పందం చేసుకున్న మొత్తం సరుకూ వచ్చి, మొత్తం అమ్ముడుపోయినా ఒక్క రోజు వంటకు చాలదు. మంత్రివర్గం ఒప్పుకున్న లక్షా 20 వేల టన్నులు రెండున్నర రోజుల వాడకం. పోనీ ఇంకా ఎక్కువ తెప్పిద్దామంటే, మన లోటు పూడ్చేటంత ఉల్లి అమ్మకానికి పెట్టుకుని కూర్చున్న దేశం లేదు. మనం సంతలోకి దిగామని తెలియగానే అక్కడ రేటు పెరుగుతుంది. ఉల్లి ఎగుమతుల్లో ముందువరసలో ఉండే దేశమే కొనబోతే ఇంకెలా ఉంటుంది?

దిగుమతిని సమర్థించేవాళ్ళు చెప్పే ఒక మాటలో నిజముంది, దాన్ని కొట్టిపారేయకూడదు. సరుకు కాదు, ప్రకటనే పనిచేస్తుందంటారు వాళ్ళు. విదేశీ ఉల్లి వస్తోందని వినగానే గోదాముల్లో దాచినవాళ్ళు బయటికి తీస్తారని. పాత రబీ సరుకు ఇంకా మిగిలి ఉన్న సెప్టెంబరులో ఆ మాట పనిచేస్తుంది. నవంబరుకు దాచుకోవడానికి ఏమీ మిగలదు. 2020లో మరో తేడా కనిపించింది. సెప్టెంబరు 14న ఎగుమతి ఆపి, అక్టోబరులో పొగబెట్టే నిబంధనలు సడలించి, ఈసారి ఎక్కువగా ప్రైవేటు వ్యాపారులనే కొననిచ్చారు. భూటాన్ నుంచి 30 వేల టన్నుల బంగాళాదుంపకు దారి ఇచ్చారు. అమ్ముకోగలనని నమ్మినవాడే తెచ్చాడు కాబట్టి రేవులో కుళ్ళిన కథ ఆ ఏడు పెద్దగా లేదు. రోడ్డు మార్గంలో, వారం లోపల చేరే పొరుగు దేశపు సరుకు, అదీ వ్యాపారి సొంత డబ్బుతో తెచ్చినది, ఇంతవరకే తాజా కూరగాయల దిగుమతికి అర్థముందని నా అభిప్రాయం.

అదే 2020లో మన కడప రైతుకు జరిగింది చాలామందికి తెలియదు. మైదుకూరు, దువ్వూరు ప్రాంతాల్లో కేపీ ఉల్లి అని పండిస్తారు. కృష్ణాపురం ఉల్లి. మన ఇళ్ళలో దాన్ని వాడం. మలేసియా, సింగపూర్, థాయిలాండ్ వైపు దానికి గిరాకీ. అక్కడికి పోవడానికే నాటే పంట. ఢిల్లీలో ఉల్లి ధర పెరిగిందని అన్ని ఉల్లినీ కలిపి నిషేధిస్తే, ఢిల్లీవాళ్ళు తినని ఈ ఉల్లి కూడా ఆగిపోయింది. పొలంలో పంట, చెన్నై రేవు మూత. రైతులూ ఎంపీలూ మొరపెట్టుకున్నాక అక్టోబరులో 10 వేల టన్నులకు, చెన్నై రేవు నుంచి మాత్రమే అన్న షరతుతో అనుమతి వచ్చింది. దేశంలో ఒక్కరి కూరలోనూ పడని గడ్డను ఆపితే ఎవరికి చవకవుతుంది? నోటిఫికేషన్ రాసేవాళ్ళు పంట పేరు చూశారు గానీ పంటను చూడలేదు.

టమోటా కథ ఇంకా పొట్టిది, ఎందుకంటే టమోటాకు నిల్వే లేదు. 2023 వేసవిలో ధర లేక మహారాష్ట్రలో రైతులు కిలో రెండు మూడు రూపాయలకు అమ్ముకున్నారు, కొందరు తోటలు వదిలేశారు. తర్వాత ఎండలు, ఆకుముడత తెగులు, వైరస్‌లు, ఆలస్యంగా వచ్చి ఒక్కసారిగా కురిసిన వానలు. జూలైలో ఉత్తరాదికి టమోటా పంపగలిగినవి మదనపల్లె, కోలారు వంటి నాలుగైదు చోట్లే. ఆ నెలల్లో మదనపల్లె యార్డు చూసినవాళ్ళకు అక్కడ ఏం జరుగుతుందో తెలుస్తుంది. దూరం పోయే లారీకి పండు కాయ ఎక్కించరు. దోరగా ఉన్నప్పుడే కోసి, సైజుల వారీగా ఏరి, ప్లాస్టిక్ బాక్సుల్లో సర్దుతారు. దారిలో రంగు తిరిగి ఢిల్లీ చేరేసరికి ఎర్రబడాలి. ఒక రోజు లారీ ఆగితే అడుగు బాక్సుల్లోంచి నీరు కారుతుంది. జూలై చివర్లో ఆ యార్డులో మొదటి రకం కిలో దాదాపు రెండు వందలు పలికింది. ఎన్‌సీసీఎఫ్, నాఫెడ్ అనే కేంద్ర సహకార సంస్థలు ఇక్కడా కోలారులోనూ కొని ఢిల్లీలో మొదట 90కి, తర్వాత 80కి, 70కి అమ్మాయి. ఆగస్టు 10న ఆర్థికమంత్రి నిర్మలా సీతారామన్ లోక్‌సభలో నేపాల్ నుంచి టమోటా దిగుమతి మొదలైందని చెప్పారు. ఎన్‌సీసీఎఫ్ కుదుర్చుకున్న నేపాల్ టమోటా పది టన్నులు. మదనపల్లె నుంచి పోయే ఒక్క లారీ సరుకు అంత. దేశంలో పండే టమోటా ఏడాదికి రెండు కోట్ల టన్నులు.

నెల తిరిగేసరికి ధరలు పడిపోయాయి. సెప్టెంబరులో కర్నూలు జిల్లాలో కిలో ఐదు రూపాయలు కూడా రాక రైతులు టమోటాలు రోడ్డు పక్కన పారబోశారు. పత్తికొండ వైపు ఇది కొత్త కాదు. కోత కూలీ, బాక్సు, కిరాయి, కమిషన్ కలిపితే వచ్చే డబ్బు కంటే ఎక్కువవుతుందని తోటలోకి పశువులను తోలిన రోజులు ఆ ప్రాంతంలో ప్రతి రైతూ చూశాడు. ధర పెరగడం చూసి అందరూ ఒకేసారి నాటారు, అందరికీ ఒకేసారి కాసింది.

కూరగాయల ధర మీద ఢిల్లీకి ఇంత ఆత్రుత ఎందుకంటే అది నేరుగా ద్రవ్యోల్బణం అంకెలోకి పోతుంది. 2012 ఆధారంగా లెక్కించిన వినియోగదారుల సూచీలో కూరగాయల వాటా ఆరు శాతమే. కానీ 2023 జూలైలో కూరగాయల ధరలు ఏడాది కిందటితో పోలిస్తే 37 శాతం పెరిగితే మొత్తం ద్రవ్యోల్బణం 7.44కు ఎగిరింది. 2024 అక్టోబరులో 42 శాతం పెరిగితే 6.21 అయింది. 2025 అక్టోబరులో కూరగాయల ధరలు 27 శాతానికి పైగా తగ్గితే మొత్తం అంకె 0.25కు దిగింది. ఆ సూచీ చరిత్రలో అంత తక్కువ ఎప్పుడూ లేదు. ఆ వార్తను అందరూ శుభవార్తగా రాశారు. అదే సమయంలో కర్నూలులో ఏం జరుగుతోందో కాసేపట్లో చెబుతాను.

ఆ కూరగాయల డబ్బులో రైతుకు ఎంత చేరుతుందో 2024లో రిజర్వు బ్యాంకు ఆర్థికవేత్తలు లెక్క తీశారు. మనం పెట్టే రూపాయిలో టమోటా రైతుకు 33 పైసలు, ఉల్లి రైతుకు 36, బంగాళాదుంప రైతుకు 37. పాల విషయంలో సహకార సంఘాల వల్ల ఇంతకు రెట్టింపు చేరుతుంది. ధర పెరిగినప్పుడు మధ్యవాళ్ళ వాటా తగ్గదు, పడినప్పుడు అసలే తగ్గదు. హమాలీ కూలీ, లారీ కిరాయి, యార్డు ఖర్చు గడ్డ రేటుతో పాటు దిగవు కదా. దిగేది రైతు వాటా ఒక్కటే.

దిగుమతికి జంట ఎగుమతి నిషేధం. రెండిట్లో ఎక్కువ హాని చేసింది ఇదే. 2023 ఆగస్టులో ఉల్లి ఎగుమతి మీద 40 శాతం సుంకం, అక్టోబరులో టన్నుకు 800 డాలర్ల కనీస ధర, డిసెంబరు 8న పూర్తి నిషేధం. 2024 మే 4న నిషేధం తీసి, సుంకం ఉంచి, సెప్టెంబరులో దాన్ని సగం చేసి, 2025 ఏప్రిల్ 1న మొత్తం ఎత్తేశారు. ఇరవై నెలల్లో ఇన్ని మలుపులు. 2022–23లో 25 లక్షల టన్నులు పోయిన ఉల్లి మరుసటి ఏడు 17 లక్షలకు పడింది. 2019లో నిషేధం వచ్చిన కొద్ది రోజులకే ఢిల్లీ వచ్చిన అప్పటి బంగ్లాదేశ్ ప్రధాని షేక్ హసీనా, చెప్పాపెట్టకుండా ఆపేశారనీ, ఉల్లి లేకుండా వండమని తన వంటమనిషికి చెప్పాననీ బహిరంగంగానే అన్నారు. అప్పటి నుంచి బంగ్లాదేశ్ చైనా, ఈజిప్టు, టర్కీ, పాకిస్తాన్‌ల నుంచి తెచ్చుకోవడం నేర్చుకుంది, సొంత సాగు పెంచుకుంది. 2024 లోక్‌సభ ఎన్నికల్లో నాసిక్ ఉల్లి ప్రాంతంలో అధికార కూటమి దెబ్బతింది. దిండోరిలో కేంద్రమంత్రి ఓడిపోయారు. 1998లో కోపం కొనేవాళ్ళది, ఈసారి పండించేవాళ్ళది.

ప్రభుత్వం ఈ మధ్య నేర్చుకున్న మంచి పని బఫర్ నిల్వ. 2020లో లక్ష టన్నులు కొన్నవాళ్ళు 2024లో 4.7 లక్షల టన్నులు కొని సెప్టెంబరు నుంచి 35 రూపాయలకు అమ్మారు. నాసిక్ నుంచి ఢిల్లీకి రైల్లో పంపారు. సొంత రైతు దగ్గర రబీ కోతలప్పుడు కొన్న ఈ ఉల్లి, ఈజిప్టు ఉల్లి చేయలేని పని కొంతైనా చేసింది. అయితే ఇది రబీ నిల్వ ఉండే చోటికే పనికొస్తుంది. మన కర్నూలు ఉల్లికి పనికిరాదు.

కర్నూలు ఖరీఫ్ ఉల్లి ఆగస్టు, సెప్టెంబరు, అక్టోబరుల్లో వస్తుంది. వానలో పీకిన గడ్డకు మెడ ఆరదు. కోసి గోతంలో పోసిన నాలుగైదు రోజులకే గోతం అడుగు తడి తేలుతుంది. కర్నూలు యార్డుకో తాడేపల్లిగూడెం, మలక్‌పేట మార్కెట్లకో తోలడం తప్ప ఆగే దారి లేదు. ఆగమని సలహా ఇచ్చేవాళ్ళు ఆ గోతం ఒకసారి విప్పి చూడాలి. 2025 సెప్టెంబరులో ఈ ఉల్లి వచ్చేసరికి నాసిక్‌లో రబీ నిల్వలు ఇంకా బోలెడున్నాయి. తన రైతుల కోసం బంగ్లాదేశ్ అంతకుముందే కొనడం తగ్గించింది. ధర కుప్పకూలింది. రాష్ట్ర ప్రభుత్వం మార్క్‌ఫెడ్ ద్వారా క్వింటాలు 1,200కు కొనిపించింది, తర్వాత హెక్టారుకు 50 వేలు సాయం ప్రకటించింది. ఆ మరుసటి నెల అక్టోబరులోనే దేశంలో ద్రవ్యోల్బణం అతి తక్కువగా నమోదైంది.

ఇక్కడ చేయగల పనులు లేకపోలేదు. గుజరాత్‌లో మహువా చుట్టూ ఉల్లిని ముక్కలు చేసి ఆరబెట్టి అమ్మే ఫ్యాక్టరీలు ఎప్పటి నుంచో ఉన్నాయి. కర్నూలు జిల్లాలో మహిళా సంఘాలు ఎండ వేడితో నడిచే డ్రయర్లలో ఉల్లి, టమోటా ముక్కలు ఆరబెట్టే చిన్న యూనిట్లు పెట్టుకున్నాయి. నిల్వకు ఆగని ఖరీఫ్ గడ్డకు సరిపోయే దారి ఇదే. ఇలాంటి యూనిట్ గ్రామానికొకటి కావాలి. కేపీ ఉల్లికి నిషేధాల నుంచి శాశ్వతంగా మినహాయింపు ఇవ్వాలి, ప్రతిసారీ మొరపెట్టుకోనక్కర్లేకుండా. రబీ కోతలు అయ్యేసరికి, అంటే జూన్‌కల్లా దేశంలో ఎంత ఉల్లి నిల్వ ఉందో కేంద్రానికి తెలుస్తుంది. వచ్చే అక్టోబరులో ఎంత లోటు రావచ్చో అంచనా కట్టడానికి ఆ లెక్క చాలు. పొరుగు దేశాల నుంచి తెప్పించాలన్నా అప్పుడే నిర్ణయించాలి. కర్నూలులో ఖరీఫ్ ఉల్లి వేసేది కూడా ఆ రోజుల్లోనే. ఆ లెక్క రైతుకు కూడా చెప్పి, ఈ ఏడు ఎగుమతి సుంకం ఎంతో, నిషేధం ఉంటుందో ఉండదో విత్తనం వేసే ముందే ప్రకటించి, గడ్డ పీకి అమ్ముకునేదాకా దాన్ని మార్చకుండా ఉంటే, ఎన్ని ఎకరాలు వేయాలన్నది రైతు చూసుకుంటాడు.